మణికట్టు నాడి తరంగం: నొప్పి చికిత్సకు ముందు, తర్వాత కొలిస్తే ఏం తెలుస్తుంది?

ప్రశ్న: ఫిజియో_డెస్క్

నొప్పి విభాగంలో రేడియల్ షాక్‌వేవ్ యంత్రం (నొప్పి ఉన్న చోట చర్మం మీద నుంచి దెబ్బల అలలు పంపేది) వాడుతున్నాం. ఈమధ్య మణికట్టు దగ్గర నాడి తరంగాన్ని రికార్డు చేసే టోనోమీటర్ కూడా చేతికొచ్చింది. రెండింటి కరపత్రాల్లోనూ రేడియల్, పల్స్, వేవ్ అనే మూడు మాటలే అటూ ఇటూ తిరుగుతున్నాయి. దాంతో రెండూ ఒకే పద్ధతిలో రెండు భాగాలన్నట్టు అందరూ మాట్లాడుతున్నారు.

ఇప్పుడు అనుకుంటున్న పద్ధతి ఇది. షాక్‌వేవ్ ఇచ్చే ముందు ఒక రికార్డు తీయాలి, ఇచ్చిన 10 నిమిషాలకు ఇంకొకటి తీయాలి. ఆగ్మెంటేషన్ ఇండెక్స్ (నాడి అలలో తిరిగొచ్చిన భాగం వాటా చెప్పే శాతం) తగ్గితే నొప్పి తగ్గిందనీ, రక్తప్రసరణ మెరుగుపడిందనీ రాయాలి. నాకు అనుమానం వచ్చింది ఇక్కడే. మడమ నొప్పి ఉన్న ఒక పేషెంటు అంకెలు చూడండి. ముందు బీపీ 128/78, నాడి 84, ఇండెక్స్ 76. తర్వాత బీపీ 122/76, నాడి 70, ఇండెక్స్ 83. నొప్పి మాత్రం పదికి 7 నుంచి 4కి దిగిందని పేషెంటే చెప్పారు. నొప్పి తగ్గినప్పుడు ఇండెక్స్ పెరగడమేమిటి?

ఇంకో రెండు సందేహాలు. ఒకే మనిషికి ఇద్దరం తీస్తే ఇద్దరికీ వేర్వేరు అంకెలు వస్తున్నాయి, పట్టుకోవడంలో ఎక్కడ తప్పు జరుగుతోంది? ఈ గొడవంతా లేకుండా వేలి క్లిప్‌తోనో చేతి గడియారంతోనో ఇదే పని అయిపోతుందా?


జవాబు: ధమని_నోట్స్

ముందుగా మాటల చిక్కు విడదీద్దాం. మణికట్టు దగ్గర రేడియల్ అంటే ఆ ధమని పేరు, బొటనవేలి వైపు రేడియస్ ఎముక మీదుగా పోయే ధమని. షాక్‌వేవ్ యంత్రంలో రేడియల్ అంటే అల ఒక బిందువు నుంచి చుట్టూ విచ్చుకుంటూ పోతుందని. ఒకటి శరీరం పుట్టించే అల, మనం వింటాం. ఇంకొకటి మనం పుట్టించి శరీరంలోకి పంపే అల. ఇద్దరికీ ఒకే ఇంటిపేరు ఉందంతే, చుట్టరికం లేదు.

ఇక మీ 76, 83 సంగతి. గుండె కొట్టిన ప్రతిసారీ బయల్దేరిన అల మణికట్టు చేరి మొదటి శిఖరం గీస్తుంది. దాన్ని పీ1 అందాం. అదే అల శరీరమంతా పోయి, చిన్న ధమనులు చీలే చోట్ల తగిలి కొంత వెనక్కి వస్తుంది. అలా తిరిగొచ్చిన భాగం రెండో భుజంలా కనిపిస్తుంది, అది పీ2. ఆ తర్వాత బృహద్ధమని కవాటం మూసుకున్న చోట చిన్న గాటు, దాని వెనక చిన్న మిట్ట. మణికట్టు ఇండెక్స్ అంటే పీ2 ఎత్తును పీ1 ఎత్తుతో భాగించి శాతంగా చెప్పడం. ఎత్తులు రెండూ డయాస్టోలిక్ గీత (బీపీలో కింది అంకె) నుంచి కొలవాలి.

మీ అంకెలు పెట్టి చూద్దాం. ముందు పీ2 దాదాపు 116 ఉండాలి. 116 లోంచి 78 తీస్తే 38, 128 లోంచి 78 తీస్తే 50, అంటే 76 శాతం. తర్వాత పీ2 దాదాపు 114. 114 లోంచి 76 తీస్తే 38, 122 లోంచి 76 తీస్తే 46, అంటే 82.6, మీరు రాసిన 83 శాతానికి దగ్గర. తిరిగొచ్చిన అల ఎత్తు 38 దగ్గరే ఉండిపోయింది. మారింది మొదటి శిఖరం, దానితోపాటు గుండె వేగం.

అసలు కీలకం గుండె వేగమే. నాడి 84 నుంచి 70కి దిగితే ప్రతి కొట్టుకూ గుండె రక్తం తోసే సమయం కాస్త పెరుగుతుంది. తిరిగొచ్చే అల ఇంకా తోపు నడుస్తుండగానే వచ్చి దానిమీద ఎక్కుతుంది, పీ2 వాటా పెరుగుతుంది. నాళం గట్టిపడకపోయినా సరే, నాడి నిమిషానికి 10 తగ్గితే ఇండెక్స్ సుమారు 4 పెరుగుతుంది. అందుకే 75 నాడికి సర్దిన అంకె ఇస్తారు. వాడుకలో ఉన్న లెక్క ఇది: 75 లోంచి అప్పటి నాడిని తీసేసి, వచ్చినదాన్ని 0.39తో గుణించి, దాన్ని ఇండెక్స్‌లోంచి తీసేయాలి. మీ ముందు రికార్డుకు 76 కాస్తా 79.5 అవుతుంది. తర్వాతి రికార్డుకు 82.6 కాస్తా 80.7 అవుతుంది. తేడా ఒకటికి కాస్త పైన. ఒకే మనిషికి వెంటవెంటనే రెండుసార్లు తీసినా నాలుగైదు అంకెల తేడా మామూలే కాబట్టి, ఈ రికార్డు ప్రకారం నాళాల్లో ఏ మార్పూ లేదు.

ఈ 0.39 కూడా అందరికీ ఒకేలా సరిపోదు. ఒక్క మనిషి ముందు, తర్వాత పోల్చేటప్పుడు నాడి తేడా ఐదు లోపు ఉంటేనే ఇండెక్స్‌ను పోల్చండి. అంతకు మించితే సర్దిన అంకె పక్కన నాడి కూడా రాయండి. గుంపు మీద లెక్క వేస్తే సర్దిన అంకె బదులు, గుండె వేగాన్ని గణాంక నమూనాలోనే విడిగా పెట్టడం మేలు.

మీ రికార్డులో పనికొచ్చే సంగతి ఇంకొకటుంది. మణికట్టు దగ్గరి పీ2 పీడనం, గుండె మొదట్లో బృహద్ధమనిలో ఉండే సిస్టోలిక్ పీడనానికి దగ్గరగా ఉంటుంది. అది 116 నుంచి 114కి దిగింది. అంటే ఇండెక్స్ పైకి పోయినా గుండె మీద బరువు పెరగలేదు, రవ్వంత తగ్గింది కూడా. ఇండెక్స్ ఒక్కటే చూసి ‘ప్రసరణ దెబ్బతింది’ అని రాసి ఉంటే పూర్తిగా తప్పు రాసినట్టే. నాళాలను విప్పార్చే నైట్రోగ్లిసరిన్ మందు ఇచ్చినప్పుడు ఇది ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. భుజం దగ్గర బీపీ పెద్దగా కదలదు, పీ2 మాత్రం కళ్లముందే కుంగిపోతుంది.

ఇంతకీ ఈ ఇండెక్స్ నాళాల గట్టిదనానికి కొలత కాదు. వయసు, పొడవు, ఆడా మగా, గుండె వేగం, చిన్న ధమనుల బిగువు, గట్టిదనం అన్నీ కలిసిన ముద్ద అది. పొట్టివాళ్లలో అల తిరిగొచ్చే దారి తక్కువ, అంకె ఎక్కువ. అరవై దాటాక అంకె పెరగడం దాదాపు ఆగిపోతుంది, గట్టిదనం మాత్రం పెరుగుతూనే పోతుంది. గట్టిదనమే కావాలంటే మెడ నుంచి గజ్జ దాకా అల వేగం కొలవాలి. మెడ దగ్గరా గజ్జ దగ్గరా నాడి దొరికే చోట్ల మధ్య దూరాన్ని నేరుగా కొలిచి 0.8తో గుణించి, అల పట్టిన సమయంతో భాగిస్తారు. సెకనుకు 10 మీటర్లు దాటితే గట్టిపడినట్టు లెక్క. మెడ నుంచి మణికట్టుకు కొలిచే వేగం దీనికి బదులు కాదు. చేతి ధమనులు కండరం ఎక్కువున్న నాళాలు, వయసుతో బృహద్ధమని గట్టిపడినంతగా అవి గట్టిపడవు.


జవాబు: టోనో_చేతివాటం

ఇద్దరు తీస్తే వేర్వేరు అంకెలు రావడానికి చాలావరకు నొక్కుడులోనే కారణం ఉంటుంది. 1860లో ఎటియెన్ జూల్ మారే మణికట్టు మీద మీట పెట్టి, మసి పూసిన కాగితం మీద నాడిని గీయించినప్పటి నుంచీ ఉన్న చిక్కే ఇది. అప్పుడు స్ప్రింగు బిగిస్తే గీత మారేది, ఇప్పుడు మన వేలి బరువు మారితే మారుతుంది.

పేషెంటును 10 నిమిషాలు కదలకుండా పడుకోబెట్టండి. మాట్లాడకూడదు, నిద్రపోకూడదు. గది 22 డిగ్రీల చుట్టుపక్కల ఉండాలి. అంతకు ముందు 3 గంటలు భోజనం, కాఫీ, టీ, పొగ ఉండకూడదు. నొప్పి పేషెంట్ల దగ్గర చాలామంది మర్చిపోయేది ఒకటుంది, కొన్ని తలనొప్పి మాత్రల్లోనే కెఫీన్ కలిపి ఉంటుంది. కెఫీన్ ఇండెక్స్‌ను పెంచుతుంది. పొద్దున ఏ మాత్ర వేసుకున్నారో అడిగి రాయండి.

చొక్కా చేతిని పైకి మడవకండి, తీయించండి. మడత మోచేయి పైన బిగుసుకుంటే కింద అల చప్పబడుతుంది. బీపీ అదే చేతికి మూడుసార్లు చూసి చివరి రెండింటి సగటు తీసుకోండి. పట్టీ గాలి వదిలాక కనీసం ఒక నిమిషం ఆగాలి. పట్టీ బిగిసినప్పుడు రక్తం అందని చేయి, వదలగానే ఎర్రబారి నాళాలు విప్పారుతాయి. ఆ క్షణంలో తీసిన అల నిజం చెప్పదు.

అరచేయి పైకి ఉండేలా చేతిని గుండె ఎత్తులో పెట్టండి. మణికట్టు కింద చుట్టిన తువ్వాలు పెట్టి కొంచెమే వెనక్కి వంచండి. మరీ వంచితే ధమని సాగి సన్నబడుతుంది, అల ఎత్తు పడిపోతుంది. మణికట్టు ముడత నుంచి మోచేయి వైపు ఒకటి రెండు సెంటీమీటర్లు పోయి, ఎముకకూ పక్కనున్న లావుపాటి టెండన్‌కూ మధ్య గాడిలో రెండు వేళ్లతో వెతకండి. నాడి గట్టిగా తగిలిన చోట పెన్నుతో చుక్క పెట్టండి. రెండో రికార్డు కూడా అదే చుక్క మీద తీయాలి. ఈ చుక్క మీ ఇద్దరి తేడాను తగ్గిస్తుంది.

టోనోమీటర్‌ను పెన్సిల్‌లా, చర్మానికి నిట్టనిలువుగా పట్టుకోండి. మీ అరచేతి మడమ బల్ల మీద ఆనాలి, లేకపోతే మీ చేతి వణుకే అలలో చేరుతుంది. తేలిగ్గా ఆనించి, మెల్లగా నొక్కుతూ పోండి. అల ఎత్తు పెరుగుతూ ఒకచోట ఆగుతుంది, అక్కడే నిలపండి. కింద ఎముక ఆసరాగా ఉంటుంది కాబట్టి ధమని పైగోడ చదునై, లోపలి పీడనం సెన్సారుకు నేరుగా తెలుస్తుంది. నొక్కు చాలకపోతే అల చిన్నగా, గుండ్రంగా, గాటు కనపడకుండా వస్తుంది. ఎక్కువైతే శిఖరం కత్తిరించినట్టు చదునవుతుంది, అల మొదలయ్యే పాదం కిందికి జారి, డయాస్టోల్ వాలు గుంటలు పడుతుంది. టెండన్ మీద పెడితే పేషెంటు వేళ్లు కదిలినప్పుడల్లా గీత ఎగురుతుంది. ఇలా చూసి చూసి కంటికి అలవాటు కావాలి, వేరే దారి లేదు.

నిలకడగా 10 నుంచి 12 సెకన్లు దొరకాలి. తెర మీద అలలన్నీ ఒకదానిమీద ఒకటి పడ్డట్టు కనిపించాలి. యంత్రం ఇచ్చే నాణ్యత అంకె 80 లోపు ఉంటే పారేసి మళ్లీ తీయండి. రెండు మంచి రికార్డుల ఇండెక్స్ మధ్య తేడా 5 దాటితే మూడోది తీసి, దగ్గరగా ఉన్న రెండింటి సగటు రాయండి.

కొన్ని చేతుల జోలికి పోకండి: డయాలిసిస్ కోసం ఫిస్టులా (ధమనినీ సిరనూ కలిపిన దారి) పెట్టిన చేయి, రొమ్ము ఆపరేషన్ తర్వాత వాపున్న చేయి. నాడి క్రమం తప్పి కొట్టుకుంటుంటే, ముఖ్యంగా ఏట్రియల్ ఫిబ్రిలేషన్ ఉంటే, ప్రతి కొట్టుకూ అల మారిపోతుంది, సగటుకు అర్థం ఉండదు. ఇంకొకటి మోసం చేసేది మణికట్టు ద్వారా ఆంజియోగ్రామ్ చేయించుకున్నవాళ్ల చేయి. అక్కడ ధమని మూసుకుపోయినా, చిటికెన వేలి వైపు ధమని నుంచి అరచేతి వంపు గుండా రక్తం వెనక్కి వచ్చి నాడి తగులుతూనే ఉంటుంది. చిటికెన వేలి వైపు ధమనిని నొక్కి చూడండి. బొటనవేలి వైపు నాడి కూడా మాయమైతే ఆ చేతిని వదిలేసి రెండో చేయి తీసుకోండి.


జవాబు: సిగ్నల్_బల్ల

వేలి క్లిప్, గడియారం గురించి. టోనోమీటర్ కొలిచేది పీడనం. క్లిప్ కొలిచేది వెలుతురు ఎంత పీల్చుకుపోయిందన్నది, అంటే వేలి కొసలో రక్తం పరిమాణం. రెండు అలలూ అన్నదమ్ముల్లా కనిపిస్తాయి కానీ ఒకటి కాదు. క్లిప్ అల సున్నితంగా, గాటు అరిగిపోయి ఉంటుంది. వేలు చల్లబడితే అల ఎత్తు బాగా పడిపోతుంది. క్లిప్ అల నుంచి పీ1, పీ2 తీసి టోనోమీటర్ ఇండెక్స్ పక్కన రాయడం కుదరదు.

దానికి తోడు పరికరం లోపలి వడపోత. చాలా ఆక్సిమీటర్లు తెర మీద గీత అందంగా ఉండటానికి నెమ్మది మార్పులన్నీ తీసేస్తాయి, ఎత్తును తమంతట తామే పెంచి సమానం చేస్తాయి. 0.5 హెర్ట్జ్ దగ్గర కోసే వడపోత డయాస్టోల్ వాలునే మార్చేస్తుంది. మీకు కావలసింది ఆ వాలూ ఆ ఎత్తే అయినప్పుడు, ముడి సిగ్నల్ ఇవ్వని పరికరం పనికిరాదు.

సమయం లెక్క కూడా చూడండి. గడియారం సెకనుకు 25 సార్లు చదివితే రెండు చదువుల మధ్య 40 మిల్లీ సెకన్లు. అర మీటరు దూరాన్ని అల సెకనుకు 8 మీటర్ల వేగంతో దాటడానికి పట్టేది 62.5 మిల్లీ సెకన్లు. కొలవాల్సిందే 62 అయితే, కొలబద్ద మీద గీతల మధ్య దూరం 40. అలాంటి చోట అల వేగం గురించి మాట్లాడటమే అనవసరం. గాటు ఎక్కడుందో చెప్పాలన్నా, అల రెండో అవకలనం (వాలు మారే తీరు) తీయాలన్నా కనీసం 200 ఉండాలి, 500 ఉంటే హాయి.

ఈసీజీలో ఆర్ శిఖరం (ప్రతి కొట్టుకూ కనిపించే ఎత్తైన మొన) నుంచి వేలికి అల చేరే దాకా సమయం కొలిచి, దాన్నే నాళాల గట్టిదనంగానో బీపీగానో చూపించే పరికరాలు నొప్పి పేషెంట్ల దగ్గర ప్రత్యేకంగా తప్పుతాయి. ఆ సమయంలో గుండె విద్యుత్ మొదలయ్యాక కవాటం తెరుచుకునే దాకా పట్టే ఆలస్యం కూడా కలిసి ఉంటుంది. నొప్పి వల్ల సింపథెటిక్ నరాలు (గుండె వేగం, నాళాల బిగువు పెంచే నరాలు) రేగితే ఆ ఆలస్యం తగ్గుతుంది. నాళం మారకపోయినా మొత్తం సమయం తగ్గి, నాళం గట్టిపడినట్టు అంకె వస్తుంది. మీరు చూడాలనుకున్న నొప్పే మీ కొలతను పాడుచేస్తుందన్నమాట.

టోనోమీటర్ గురించి ఒక్క మాట. ఇండెక్స్ నిష్పత్తి కాబట్టి బీపీ అంకె తప్పు ఎక్కించినా అది మారదు, కూడికలూ గుణకారాలూ కొట్టుకుపోతాయి. కానీ యంత్రం ఇచ్చే బృహద్ధమని పీడనం మీరు ఎక్కించిన భుజం బీపీ మీదే నిలబడుతుంది. బీపీ 10 తప్పితే అదీ దాదాపు 10 తప్పుతుంది. పట్టీ సైజు చిన్నదైతే ఆ తప్పంతా ఇక్కడికే వస్తుంది.


జవాబు: మత్తు_గది

నొప్పినీ నాడి అలనూ కలిపి నిజంగా వాడే చోట్లు ఉన్నాయి, మీ గదిలో మాత్రం కాదు.

మొదటిది ఆపరేషన్ గది. మత్తులో ఉన్న మనిషి నొప్పి అని చెప్పలేడు కదా. అక్కడ సర్జికల్ ప్లెత్ ఇండెక్స్ అని ఒకటుంది. వేలి క్లిప్ అల ఎత్తుకు 0.7, కొట్టుకూ కొట్టుకూ మధ్య వ్యవధికి 0.3 వాటా ఇచ్చి, రెంటినీ ఆ మనిషి స్థాయికి సర్ది, 100 లోంచి తీసేస్తారు. కోత పడగానే సింపథెటిక్ నరాలు రేగి వేలి నాళాలు బిగుసుకుంటాయి, అల ఎత్తు తగ్గుతుంది, వ్యవధి తగ్గుతుంది, అంకె పైకి పోతుంది. 50 లోపు ఉంచాలని చూస్తాం. అట్రోపిన్ ఇచ్చినా, బీపీ పెంచే మందు నడుస్తున్నా, రక్తం పోయినా, పేస్‌మేకర్ ఉన్నా అది అబద్ధం చెబుతుంది. మెలకువగా ఉన్నవాళ్లలో నొప్పి అంకెతో దీనికి సరిగా పొత్తు కుదరదు. భయం, చలి, మూత్రం ఆపుకోవడం కూడా అదే బిగువు తెస్తాయి. మెలకువలో ఉన్నవాళ్లను నోటితో అడగడాన్ని మించిన కొలత లేదు, 0 నుంచి 10 వరకు.

రెండోది నరాల బ్లాక్. మెడ దగ్గర స్టెల్లేట్ గ్యాంగ్లియన్ (సింపథెటిక్ నరాల ముడి) బ్లాక్ ఇచ్చాక గానీ, చేతికి బ్రాకియల్ ప్లెక్సస్ (చేతి నరాల గుంపు) బ్లాక్ ఇచ్చాక గానీ, సింపథెటిక్ తాళ్లు తెగినట్టయి ఆ చేతి నాళాలు విప్పారుతాయి. ఆక్సిమీటర్‌లో పర్ఫ్యూజన్ ఇండెక్స్ (వేలికి కొట్టుకుంటూ చేరే రక్తం వాటా) కొద్ది నిమిషాల్లోనే పెరుగుతుంది, చర్మం ఒకటి రెండు డిగ్రీలు వేడెక్కుతుంది. రెండు చేతులకూ క్లిప్ పెట్టి పక్కపక్కన చూస్తే బ్లాక్ పట్టిందో లేదో స్పర్శ పరీక్ష కంటే ముందే తెలుస్తుంది. ఒక చేతికే పెడితే గది వేడెక్కినా పెరిగిందని పొరబడతారు. కానీ ఇక్కడ కూడా అల చెబుతున్నది బ్లాక్ పట్టిందని, నొప్పి పోయిందని కాదు. నాళాలు బాగా విప్పారినా నొప్పి అలాగే ఉన్నవాళ్లు ఉంటారు. అలాంటప్పుడు ఆ నొప్పికి మూలం సింపథెటిక్ నరాలు కాదని తెలుస్తుంది, అది కూడా విలువైన సమాచారమే.


ఫిజియో_డెస్క్

చాలా స్పష్టంగా చెప్పారు, అందరికీ ధన్యవాదాలు. పెన్ను చుక్క రేపటి నుంచే మొదలుపెడతాం. ఇంకొక్కటి అడుగుతాను. షాక్‌వేవ్ ఇచ్చే పేషెంట్లకు నాడి చూడటం అసలు అనవసరమని తీసుకోవాలా? యంత్రం అమరికల గురించి కూడా ఎవరైనా చెబితే బాగుంటుంది. వాడుతున్న 2 బార్ (గాలి ఒత్తిడి), 10 హెర్ట్జ్ (సెకనుకు 10 దెబ్బలు), మొత్తం 2,000 దెబ్బలు సరైనవేనా?


జవాబు: మడమ_పిక్క

అమరికలు బాగానే ఉన్నాయి. 10 హెర్ట్జ్‌లో 2,000 దెబ్బలంటే 200 సెకన్లు, మూడు నిమిషాల పైచిలుకు. మొదటిసారి వచ్చినవాళ్లకు 1.5 బార్ దగ్గర మొదలుపెట్టి, తొలి రెండు మూడు వందల దెబ్బల్లో ఓర్చుకోగలిగినంత వరకు పెంచండి. వారానికి ఒకటి చొప్పున 3 నుంచి 5 సార్లు. తిమ్మిరి సూది ఇచ్చి చేయకండి. పేషెంటు ‘సరిగ్గా అక్కడే’ అని చెప్పే చోటు కోసమే కదా మనం కొనను జరుపుతూ వెతికేది, సూది ఇస్తే ఆ దారి మూసుకుపోతుంది, ఫలితం కూడా తగ్గుతుంది.

యంత్రం లోపల జరిగేది చూస్తే హద్దులు వాటంతటవే అర్థమవుతాయి. గాలి ఒత్తిడితో చిన్న లోహపు ముక్క గొట్టంలో దూసుకెళ్లి ముందున్న కొనకు గుద్దుకుంటుంది. ఆ దెబ్బ కొన నుంచి చర్మంలోకి దిగి విచ్చుకుంటుంది. బలం అంతా పైపైనే, లోపలికి పోయేకొద్దీ తగ్గి మూడు నాలుగు సెంటీమీటర్ల తర్వాత పెద్దగా మిగలదు. మడమకు కొట్టిన దెబ్బ వల్ల మణికట్టు ధమని మెత్తబడదు. ముందు, తర్వాత తీసిన నాడి అలలో మార్పు వస్తే అది పేషెంటు కుదుటపడటం, పడుకుని ఉండటం, గుండె వేగం దిగడం, ఇవే.

జెల్ చాలకపోతే కొనకూ చర్మానికీ మధ్య గాలి మిగిలి దెబ్బ వెనక్కి పోతుంది, చర్మం మాత్రం ఎర్రగా కందుతుంది. ఎముక మీద నేరుగా, బలంగా అదిమితే చుక్కలు చుక్కలుగా రక్తం చిమ్మి నీలిమచ్చలు తేలతాయి. లోహపు ముక్కా రబ్బరు వలయాలూ అరిగితే తెర మీద 2 బార్ ఉంటుంది కానీ దెబ్బలో జోరు ఉండదు, చప్పుడు మొద్దుబారుతుంది. పాత పేషెంట్లకు ఒక్కసారిగా ‘ఏమీ తెలియట్లేదు’ అనిపిస్తే ముందు గొట్టం విప్పి చూడండి, తయారీదారు చెప్పిన దెబ్బల లెక్క దాటిపోయి ఉంటుంది. రక్తం పలచబడే మందులు వాడేవాళ్లు, గర్భిణులు, ఆ చోట కణితి లేదా ఇన్ఫెక్షన్ ఉన్నవాళ్లు, పిల్లల ఎముక పెరుగుదల చోట్లు, ఊపిరితిత్తుల మీదుగా ఉండే చోట్లు: వీటన్నిటికీ వద్దు. ఆరు వారాల లోపు అదే చోట స్టెరాయిడ్ సూది వేయించుకున్నా ఆగండి.

ఇక నాడి అనవసరమా అంటే, అస్సలు కాదు. ఖరీదైన అల కంటే వేళ్లతో చూసే నాడే ఇక్కడ ప్రాణం కాపాడుతుంది. పిక్క నొప్పి అని వచ్చినవాళ్లను నడిస్తే వస్తుందా, ఆగితే పోతుందా అని అడగండి. కొంత దూరం నడిచాక పట్టేసి, నిలబడితే రెండు మూడు నిమిషాల్లో వదిలేసి, మళ్లీ అంతే దూరానికి పట్టేస్తే అది కండరం గొడవ కాకపోవచ్చు, కాలి ధమని సన్నబడి ఉండొచ్చు. పాదం పైన, చీలమండ లోపలి వైపు నాడి చూడండి. దొరక్కపోయినా, బలహీనంగా ఉన్నా యంత్రం ఆపేయండి. చీలమండ దగ్గరి సిస్టోలిక్ బీపీని చేతి బీపీతో భాగించండి, రెండు చేతుల్లో ఎక్కువున్నదాన్నే తీసుకోవాలి. 0.90 అంతకంటే తక్కువైతే రక్తనాళాల డాక్టరు దగ్గరికి పంపాలి. 1.40 దాటితే అది మంచి వార్త కాదు, నాళం సున్నం పట్టి పట్టీకి లొంగట్లేదని అర్థం. మధుమేహం ఉన్నవాళ్లలో ఇది తరచుగా కనిపిస్తుంది. వాళ్లకు కాలి బొటనవేలి పీడనం చూడాలి.

భుజం, చేయి నొప్పికి కూడా ఇదే జాగ్రత్త. చెయ్యి పైకెత్తి పనిచేస్తే లాగేసే నొప్పి, రెండు చేతుల సిస్టోలిక్ బీపీలో 15 దాటిన తేడా, ఒక మణికట్టు నాడి ఆలస్యంగా, మెత్తగా తగలడం, ఈ మూడూ కలిస్తే కాలర్ ఎముక కింది ధమని సన్నబడిందేమో చూపించాలి. అలాంటి చేతి మీద తీసిన టోనోమీటర్ ఇండెక్స్‌కు విలువ లేదు. అందుకే మొదటిసారి వచ్చిన ప్రతి ఒక్కరికీ రెండు చేతుల బీపీ చూసి, ఎక్కువున్న చేతినే ఆపైన వాడండి. ఎడమ భుజం నొప్పితో పాటు చెమట, ఆయాసం, ఛాతీ బిగువు ఉంటే ఏ కొలతా వద్దు, నేరుగా అత్యవసర విభాగానికి.


జవాబు: ధమని_నోట్స్

పైదానికి కొనసాగింపుగా, మీ కాగితం మీద ఏం రాయాలో చెబుతాను. నొప్పికి ఒక గడి, ప్రసరణకు ఒక గడి, రెండూ వేరుగా. నొప్పి గడిలో పేషెంటు చెప్పిన 0 నుంచి 10 అంకె. మడమ నొప్పికైతే పొద్దున లేవగానే మొదటి అడుగుల నొప్పి, రోజంతటి నొప్పి విడివిడిగా. ప్రసరణ గడిలో ఏ చేయి, బీపీ, నాడి, పీ2 పీడనం, ఇండెక్స్, 75కు సర్దిన ఇండెక్స్, నాణ్యత అంకె, గది ఉష్ణోగ్రత, చివరి కాఫీ ఎప్పుడు, పొద్దున వేసుకున్న మాత్రలు. నొప్పి మందుల్లో ఐబుప్రొఫెన్ తరహావి బీపీ పెంచగలవు, అమిట్రిప్టిలిన్ నాడి పెంచుతుంది, టిజానిడిన్ బీపీ దించుతుంది. మందు మారిన వారం అల మారితే చికిత్సకు ఆ ఘనత ఇవ్వకండి.

చికిత్స అయిన 10 నిమిషాలకు తీసే రికార్డు మానేయండి. ప్రసరణ పరిస్థితి తెలియాలంటే మొదటి రోజు చికిత్సకు ముందు ఒకటి, చివరి విడత అయ్యాక ఇంకో వారానికి, అదే గంటకు, అదే చేతికి ఒకటి తీస్తే చాలు. నాడి తేడా ఐదు లోపు ఉండి, సర్దిన ఇండెక్స్ తేడా 5 దాటి, మరో రోజు తీసినా అదే వస్తేనే మార్పు అని రాయండి. మీరు ఇచ్చిన ఆ పేషెంటు కాగితం మీద ఇలా ఉండాలి: నొప్పి 7 నుంచి 4, నాడి 84 నుంచి 70, సర్దిన ఇండెక్స్ 79.5 నుంచి 80.7, నాళాల్లో మార్పు లేదు.